మినగావా తల తిప్పిన రోజు

దర్శకుడిగా పదోన్నతి అందుకున్న ఉదయం నుంచి మినగావాకు నోరు తప్ప మరేదీ కదలలేదు. టోక్యోలోని ఆ యానిమేషన్ సంస్థలో అది పదవితో పాటు వచ్చేదే కనుక, సహోద్యోగులు పూలగుచ్ఛం తెచ్చి అతని బిగిసిన వేళ్ల మధ్య దోపి వెళ్లారు.

అంతా క్రమంగానే జరిగింది. బొమ్మకూ బొమ్మకూ నడుమ కదలికలు గీసే కుర్రవాడిగా చేరినప్పుడు అతని ఒళ్లంతా కదిలేది. ముఖ్యమైన బొమ్మలు మాత్రమే గీసే స్థాయికి ఎదిగాక కూర్చోవడం మిగిలింది, లేవడం మిగిలింది, నడిమిది పోయింది. సినిమా మొత్తాన్ని ముందుగా చిన్న గళ్లలో గీసి చూపే స్టోరీబోర్డు చిత్రకారుడయ్యాక గడికొక భంగిమే దక్కింది. ఎటు వెళ్లాలో పక్కన ఒక బాణం గుర్తు ఉండేది. కదలిక ఖరీదైనది. పొదుపు తెలిసినవాడే పైకి వస్తాడు.

ఇప్పుడు అతను ఆఫీసుకు వెళ్లేటప్పుడు గుమ్మం ముందు నిలబడతాడు. వీధే వెనక్కి జరుగుతుంది. ఆ పని పురపాలక సంఘం చూసుకుంటోంది.

ఎనిమిదేళ్ల కూతురు మియోకు బడి నాటకంలో కొంగ వేషం వచ్చింది. మెడ నిక్కించి ఒంటికాలిపై నిలబడాలి.

"నేను ఎడమ చివర ఉంటా నాన్నా. ఒక్కసారి ఇటు తిరిగి చూస్తావా?"

"కుర్చీనే అటు తిప్పి వేస్తే సరిపోదటండీ?" అంది భార్య సుమియే.

"అది కెమెరా కోణం మార్చడం. వేరే శాఖ," అన్నాడు మినగావా నోరు కదిపి.

మర్నాడు మినగావా ఆఫీసులో నిర్మాణ విభాగాధికారి అయిన ఒకబెను ఆ సంగతి అడిగాడు.

"తలా? ఎడమకా?" ఒకబె నిట్టూర్చాడు. "మెడ కదలాలి, జుట్టు కదలాలి, కాలరు కదలాలి. సినిమాలో ఏనుగుల గుంపును కదలకుండా నిలబెట్టి యుద్ధం కానిచ్చిన మీరేనా సార్ ఇలా అడిగేది?"

"మా అమ్మాయి నాటకమయ్యా."

ఒకబె మనసు కరిగింది. "పాతది వాడుకుందాం. ఐదేళ్ల కిందట మీరు తల తిప్పి పాపను చూసిన బొమ్మలు గిడ్డంగిలో భద్రంగా ఉన్నాయి. నవ్వు కూడా ఉంది సార్. కొత్త నవ్వు కావాలంటే మాత్రం ఈ ఏడాది కుదరదు."

బడి వ్యాయామశాలలో నేల మీదే నాటకం. మొదటి వరుసలో తండ్రులందరూ తిన్నగా ముందుకే చూస్తూ కూర్చున్నారు. కొంగ రెక్కలు విప్పింది. సరిగ్గా అప్పుడు మినగావా తల మెత్తగా, ఎక్కడా తడబడకుండా ఎడమకు తిరిగింది. పడుచు తండ్రి నవ్వు అది. కళ్లలో తడి సైతం చెదరలేదు. చూపు మాత్రం మూడేళ్ల పాప కోసం గీసినది. అది వెళ్లి కొంగ మోకాళ్ల మీద వాలింది.

"ఎక్కడున్నావమ్మా?" అంది అతని నోరు.

మియో ఆ చూపు ఎక్కడ ఆగిందో చూసుకుంది. నిక్కించిన మెడ దించింది, రెక్కలు ముడిచింది, గొంతుక్కూర్చుని ఆ నవ్వులోకి తన ముఖాన్ని సర్దుకుంది. పక్కనున్న పిల్లల్లో సగం మంది అప్పటికే వంగి ఉన్నారు. టీచరు మెచ్చుకోలుగా తలూపి, వచ్చే ఏడాది అందరికీ కూర్చునే వేషాలే ఇవ్వాలని నిశ్చయించుకుంది.

ఇంటికి వెళ్లేటప్పుడు వీధి నెమ్మదిగా జరుగుతోంది.

"బాగా కనిపించానా నాన్నా?"

"చాలా బాగా కనిపించావమ్మా."

"వచ్చే ఏడాదికి ఇంకా పొడుగవుతానుగా," అంది మియో. "ఇంకాస్త వంగుతాలే."