తువ్వాల కింద గ్లోబల్ పోటీ

ఆదోని మార్కెట్ యార్డులో గుత్తాధిపత్యం అనే భూతాన్ని నవంబరు పదిహేను ఉదయం పదకొండు గంటలకు అంతం చేయబోతున్నట్టు ఆహార స్వేచ్ఛా శాఖ మంత్రిగారు ముందురోజే ప్రకటించారు. భూతానికి సైతం టైము చెప్పి చంపడం ఆయన పెద్దమనసు. విలేకరులకు టిఫిను పదిన్నరకు అన్నారు కాబట్టి నేను పదింటికే చేరుకున్నాను.

నేను ఆదోనిలో ఒక దినపత్రికకు స్ట్రింగర్‌ని. మాది నిష్పక్షపాతమైన పత్రిక. ఏ కంపెనీ ప్రకటన ఇచ్చినా ఒకే సైజులో వేస్తాం. ఆ వారం ఐదు కంపెనీలు ప్రకటనలిచ్చాయి, ఐదింటికీ బిల్లు ఒకే అడ్రసుకి పంపమన్నారు. పోస్టు ఖర్చు తగ్గిందని మా మేనేజరు సంతోషించాడు.

అంతకుముందు యార్డులో ఎనభై రెండు మంది మండీ వ్యాపారులుండేవారు. ఒకడు తక్కువంటే ఇంకొకడు పది రూపాయలు ఎక్కువనేవాడు, రోజంతా గోల. ఎనభై రెండు మందీ ఒకే హోటల్లో టీ తాగుతున్నట్టు మంత్రిగారు వేసిన కమిటీ కనిపెట్టింది. గుత్తాధిపత్యానికి ఇంతకన్నా రుజువేముంటుంది? లైసెన్సులన్నీ రద్దు చేసి, వాళ్ళ స్థానంలో ప్రపంచ ప్రసిద్ధి చెందిన ఐదు కంపెనీలను తెచ్చారు. ఎనభై రెండు మంది ఉంటే గుత్తాధిపత్యమనీ, ఐదుగురుంటే పోటీ అనీ మంత్రిగారు లెక్కతో సహా వివరించినప్పుడు అందరం చప్పట్లు కొట్టాం.

ఐదు అంగళ్లు వరుసగా వెలిశాయి. మొదటిది పచ్చ రంగు, భూమాత గ్లోబల్. తర్వాత నోబుల్ నట్స్, మట్టిమనసు ఫుడ్స్, ఇంకో రెండు. రంగులు వేరు, గుర్తులు వేరు, నినాదాలు వేరు. ఫోన్ నంబరు మాత్రం ఒకటే రాశారు. రైతుకు గుర్తుంచుకోవడం సులువని యార్డు సెక్రటరీ దేవేంద్ర చెప్పాడు.

మంత్రిగారు అక్కడితో ఆగలేదు. ప్రపంచ పోటీకి మన సంస్కృతి కూడా తోడవ్వాలన్నారు. ఎమ్మిగనూరు ఎద్దుల జాతరలో తువ్వాల కప్పి, దాని కింద వేళ్లు పట్టుకుని బేరం చేస్తారు కదా, పక్కవాడికి ధర తెలియకుండా. ఇక్కడా అదే పద్ధతి అన్నారు. ఆ జాతరలో నలభై ఏళ్లుగా బేరాలు కుదిర్చే ఇమాం సాబ్‌ను పిలిపించి 'హెరిటేజ్ ప్రైస్ కన్సల్టెంట్' అని మెడలో కార్డు వేశారు. ఇమాం సాబ్ సామాన్యుడు కాదు. పళ్లూడిపోయే ఎద్దును కోడె అని అమ్మి, మరుసటేడు కొమ్ములకు రంగు మార్చి అదే మనిషికి మళ్లీ అమ్మినవాడు. ఆ కార్డును అటూ ఇటూ తిప్పి చూసి జేబులో పెట్టుకున్నాడు.

కంపెనీలు ఒకరినొకరు చూసుకుని కుమ్మక్కు కాకుండా ప్రతి అంగడికీ ముందు పరదా కట్టారు. పరదాలో చెయ్యి పట్టేంత చిల్లు. కొనేవాడు లోపల, చెయ్యి బయట, ఆ చేతి మీద ఇమాం సాబ్ తువ్వాల. ఇంత పకడ్బందీ పోటీ నా ఇరవై ఏళ్ల సర్వీసులో చూడలేదు.

మొదటి రైతుగా హాలహర్వి నుంచి వచ్చిన కాశప్పను ఎంపిక చేశారు. భార్య బసమ్మతో కలిసి ముప్పై రెండు బస్తాల బుడ్డలు ట్రాక్టరులో తెచ్చాడు. వేరుశనగను మావైపు బుడ్డలంటాం. ముప్పై బస్తాలు అమ్మడానికి, మిగిలిన రెండూ వచ్చే ఏటి విత్తనానికి. విత్తనం యార్డుకెందుకు తెచ్చారంటే, ప్రభుత్వం 'విత్తన విముక్తి' ఉత్తర్వు ఇచ్చింది. రైతు ఇంట్లో విత్తనం దాచుకుంటే ఎలుకల బాధ, పురుగుల బాధ. ఆ బాధ ఐదు కంపెనీలు పడతాయి. రైతు నిశ్చింతగా ఉండి, తొలకరికి వచ్చి తన విత్తనం తాను కొనుక్కుంటే చాలు. అయినా దాచుకునే మూర్ఖుల కోసం జరిమానా పెట్టారు, ఇల్లిల్లూ తిరిగి గంపలు రాసుకున్నారు. బసమ్మ ఇంట్లో రెండు బస్తాలని రాసుకున్నారు. అందుకే రెండూ వచ్చాయి.

బసమ్మ ఆ రెండు బస్తాల మీదే కూర్చుంది. దిగమంటే దిగలేదు. ఎందుకమ్మా అంత పట్టుదల అని అడిగాను.

"మా అత్త ఇచ్చిన ఇత్తనమప్పా. వాన ల్యాకున్నా నలభై దినాలు ఓర్సుకుంటాది. ఇది పోయిందంటే మా చేన్లో ఏమెయ్యల్లనో, ఎంత పెట్టి కొనల్లనో ఇంకొకడు సెప్తాడు. ఇంగ మేము మా చేన్లోనే కూలోళ్లమైతాము."

ఇది అభివృద్ధి నిరోధక ఆలోచన కాబట్టి నోట్ చేసుకోలేదు. టిఫిను నాదాకా రాకుండానే అయిపోయిందని నా మొహం చూసి కనిపెట్టిందేమో, బస్తా మూతి విప్పి దోసెడు బుడ్డలు నా చేతిలో పోసింది. మంత్రిగారి ప్రసంగం గంటంబావు సాగింది. అది రాసుకుంటూ తింటుంటే నా నోట్‌బుక్ నిండా పొట్టే అయింది.

పోటీ మొదలైంది. ఇమాం సాబ్ పచ్చ అంగడి దగ్గర తువ్వాల కప్పాడు, చెయ్యి పట్టుకున్నాడు, తలూపాడు. రెండో అంగడికి వెళ్లాడు. అక్కడ చెయ్యి రావడానికి కాస్త ఆలస్యమైంది. మూడో అంగడి దగ్గర పరదా వెనక ఎవరో పరిగెత్తిన చప్పుడు. ఐదో అంగడి నుంచి వచ్చిన చెయ్యి చెమటతో తడిసిపోయింది, తువ్వాల కూడా తడిసింది. ఐదు చోట్లా ధర ఒక్కటే, పాత మండీల ధరకన్నా బాగా తక్కువ.

ఇమాం సాబ్ కాశప్ప దగ్గరికి వచ్చి మెల్లగా అన్నాడు. "కాశప్పా, ఐదు అంగళ్లల్లా చెయ్యి ఒకటే. రొప్పేది మాత్రం అంగడంగడికీ ఎక్కువైతాంది."

విలేకరిని కదా, నేను వెనక్కి వెళ్లి చూశాను. అక్కడ మధు ఉన్నాడు. నిన్నటిదాకా ఒక మండీలో గుమాస్తా, నలభై దాటిన మనిషి. ఒంటి మీద ఎర్ర టీషర్టు, చంకలో మిగిలిన నాలుగు రంగులు. ఐదు కంపెనీలకూ ఆదోని ప్రతినిధి అతనే. పోటీ ఎలా ఉందని ఇంటర్వ్యూ అడిగాను.

"శానా గట్టిగుందన్నా. మోకాళ్లు పోతాండాయి."

ఐదు ధరలూ ఒకటే ఎలా అయ్యాయని ఎవరో మంత్రిగారిని అడిగారు. ఐదుగురు మేధావులు విడివిడిగా ఆలోచించి ఒకే సత్యాన్ని చేరుకుంటే దాన్ని సైన్సు అంటారని ఆయన జవాబు చెప్పారు. ఈ మాట మా పత్రికలో మొదటి పేజీలో బాక్సు కట్టాం.

కాశప్ప సరుకు వెనక్కి తీసుకుపోతానన్నాడు. నిరభ్యంతరంగా తీసుకుపోవచ్చని దేవేంద్ర చెప్పాడు. గేటు దాటడానికి స్లిప్పు కావాలి, స్లిప్పు కొన్నవాళ్లు ఇవ్వాలి, అంతే. కాశప్ప కాసేపు గేటు వైపు చూసి, ముప్పై బస్తాలూ అదే ధరకు ఇచ్చేశాడు. అతని మొహం ఎలా ఉందో చూశాను. కాని దానికి కాలమ్‌లో చోటు లేదు.

రెండు బస్తాల దగ్గర ఇమాం సాబ్ తువ్వాల మడిచి భుజాన వేసుకున్నాడు. అవి అమ్మరంట అన్నాడు. మధు ఫోన్ చేశాడు. ఆ ఫోన్ బెంగళూరు వెళ్లింది, అక్కడి నుంచి సింగపూర్ వెళ్లింది, అక్కడి నుంచి ఇంకెక్కడికో సముద్రాల మీదుగా వెళ్లి, పది నిమిషాల తర్వాత తిరిగి ఆదోని వచ్చింది. భూమ్మీద తమది కాని విత్తనం ఇంకా రెండు బస్తాలుందని తెలిసి అక్కడెవరికో మనసు బాగాలేదట. ఎంతయినా సరే కొనమన్నారు. ఎటూ టీవీ కెమెరాలున్నాయి కనుక, పోటీ పడి కొనమని మంత్రిగారు కోరారు.

అప్పుడు చూశాను నేను అసలైన పోటీ. పచ్చ మధు ధర పెంచాడు. ఎర్ర మధు దానిమీద ఐదొందలు వేశాడు. పసుపు మధు ఎర్ర మధును లెక్కచెయ్యలేదు. రెండో రౌండులో ధర రెండింతలైంది, మూడో రౌండులో నాలుగింతలు. మధు తనకు తాను ఏమాత్రం లొంగలేదు. ఇమాం సాబ్ మాత్రం ప్రతి అంగడి దగ్గరా తల అడ్డంగా ఊపి చెయ్యి వెనక్కి లాగేస్తున్నాడు.

చివరికి బసమ్మ బస్తాల మీంచి దిగింది. ఆడమనిషి తువ్వాల కింద చెయ్యి పెట్టడం ఏ జాతరలోనూ జరగలేదు. ఆమె పెట్టింది. పిడికిలి బిగించి పెట్టిందని, ఎంత గుంజినా వేలు విప్పలేదని మధు తర్వాత చెప్పాడు. ధర ఐదింతలయ్యాక మెల్లగా ఒక్కొక్క వేలూ విప్పింది. కొంగుతో మొహం కప్పుకుని ట్రాక్టరు ఎక్కింది. ఆమె భుజాలు కదులుతున్నాయి. కాశప్ప ఎవరి మొహమూ చూడలేకపోయాడు. ఇమాం సాబ్ ఆకాశం వైపు చూస్తూ నిలబడ్డాడు. ఎంత డబ్బొచ్చినా అత్త ఇచ్చిన విత్తనం పోయింది కదా అని నోట్‌బుక్ మూసేశాను. ఆ సాయంత్రం భోజనం కూడా సరిగ్గా చెయ్యలేదు.

ఆ తర్వాత పనులు చకచకా జరిగిపోయాయి. రెండు బస్తాలను పోలీసు ఎస్కార్టుతో ఎమ్మిగనూరు తీసుకెళ్లి, ప్రపంచ విత్తన కేంద్రం అని బోర్డు పెట్టిన ఏసీ భవనంలో ఉంచారు. విత్తనానికి 'బసమ్మ గ్లోబల్-1' అని పేరు పెట్టి పద్నాలుగు దేశాల్లో హక్కులు రాయించారు. ఇకమీదట దాన్ని ఎవరు వేసినా కంపెనీకి కట్టాలి, బసమ్మ అయినా సరే. పేరు ఆమెదే పెట్టాం, అంతకన్నా ఏం కావాలని మంత్రిగారు అడిగారు. ల్యాబులో మొలక శాతం తర్వాత చూస్తామని, సువాసన మాత్రం ప్రపంచస్థాయిలో ఉందని రాశారు.

జూన్‌లో తొలి వాన పడగానే కేంద్రం ఎదురుగా ఎకరం పొలంలో మంత్రిగారు పట్టుపంచె ఎగగట్టి స్వయంగా విత్తారు. వారం గడిచింది. పది రోజులు గడిచాయి. పదిహేనో రోజుకు గడ్డి మొలిచింది, తుంగ మొలిచింది. బసమ్మ గ్లోబల్-1 ఒక్కటీ మొలవలేదు. దేవేంద్రకు జ్వరం వచ్చింది. మధు సెలవు పెడదామనుకుని ఏ కంపెనీలో పెట్టాలో తెలియక ఆగిపోయాడు. మంత్రిగారు సముద్రాల అవతలికి ఫోన్ చేసి క్షమించమన్నారు.

అవతలివాళ్లు కేకలు వేశారు, సంతోషంతో. ముప్పై ఏళ్లుగా ఎన్నో ల్యాబుల్లో వాళ్లు వెతుకుతున్నది ఇదేనట. రైతు ఒకసారి కొంటాడు, మొలవదు, మళ్లీ కొంటాడు. పంట వస్తేగా విత్తనం దాచుకోవడం. ఇంత నిఖార్సైన విత్తనం ప్రపంచ వ్యాపార చరిత్రలో లేదని మెయిలు పంపారు. మరుసటి రోజు మంత్రిగారు విలేకరుల సమావేశం పెట్టి, మొలకెత్తడం అనే పాతకాలపు భారం నుంచి కూడా రైతును విముక్తుణ్ణి చేశామని ప్రకటించారు. మేం మళ్లీ చప్పట్లు కొట్టాం.

ఒక్కటే చిక్కు. ఉన్న రెండు బస్తాలూ విత్తేశారు. మరి కొన్ని చెయ్యాలంటే ఎలా చేశారో తెలియాలి. అందుకని పోయిన మంగళవారం మంత్రిగారు, దేవేంద్ర, మధు, కంపెనీవారి విదేశీ శాస్త్రవేత్త ఒకాయన, వెనక జీపులో నేను హాలహర్వి బయలుదేరాం.

కాశప్ప చేను దారి పక్కనే ఉంది. మూడు వారాల బుడ్డచెట్లు, సాలుకు సాలు పచ్చగా, మధ్యలో ఒక్క ఖాళీ కూడా లేదు. విత్తనం ఎక్కడ కొన్నావని దేవేంద్ర అడిగితే, కాశప్ప మేఘాల వైపు చూసి ఈసారి వానలు బాగున్నాయన్నాడు. శాస్త్రవేత్తకు ఆ చేనుతో పనిలేదు. అది మొలిచింది కనక ఆయన దాని వంక చూడనైనా లేదు.

ఇంటి ముందు అరుగు మీద ఇమాం సాబ్ ముందే వచ్చి కూర్చున్నాడు. మేం వస్తున్నట్టు ఆయనకు ఎవరు చెప్పారో తెలియదు. శాస్త్రవేత్త చేతులు జోడించి ఇంగ్లీషులో చాలాసేపు మాట్లాడాడు. మధు దాన్ని తెలుగులోకి మార్చాడు.

"మొలవకుండా ఎట్ల జేసినావని అడుగుతాండాడమ్మా. ముప్పై ఏండ్ల నుంచి వాళ్లకు కుదరల్యాదంట."

బసమ్మ ఇమాం సాబ్ వైపు చూసింది. ఇమాం సాబ్ భుజం మీది తువ్వాల తీసి, రెండుసార్లు దులిపి, మోకాలి మీద పరిచాడు. ఈసారి పరదాలు లేవు. శాస్త్రవేత్త అంగీ చెయ్యి పైకి మడిచి తువ్వాల కింద పెట్టాడు. అటువైపు నుంచి బసమ్మ పిడికిలి పెట్టింది.

బేరం పొద్దువాలేదాకా నడిచేట్టుంది. ఆకలవుతోందని నా మొహం చూసి కనిపెట్టిందేమో, ఆమె ఖాళీగా ఉన్న రెండో చేత్తో పక్కనున్న చాటలోంచి చారెడు బుడ్డలు తీసి నా చేతిలో పోసింది. ఆ రోజు యార్డులో పెట్టినవాటిలాగే ఉన్నాయి. ఇసకలో సమంగా వేగాయి, ఉప్పు సరిగ్గా సరిపోయింది.