జోగమ్మ బిందెల మీద పై తీర్పు

జంషెడ్‌పూర్ తెలుగువాళ్ల తగాదాలన్నిటి మీదా పర్యవేక్షణాధికారం బిష్టుపూర్ పెద్దల మండలిదే. దాని అధ్యక్షులు సోమేశ్వరరావుగారు కోర్టులో పేష్కారుగా రిటైరయ్యారు. జడ్జీల కింద కూర్చున్నన్నాళ్లూ నోరు విప్పే వీల్లేకపోవడంతో న్యాయమంతా ఆయనలో అలాగే నిలవుండిపోయింది.

డెబ్భై ఎనిమిది ఎండాకాలంలో భుయ్యాడీహ్ బస్తీ నుంచి జోగమ్మ అప్పీలు వచ్చింది. ఆ సందుకంతా ఒకటే కుళాయి. జోగమ్మ రాత్రే ఏడు బిందెలు వరసలో పెట్టి, ఇంటికెళ్లి పడుకుంటుంది. అదే సందులో ఉండే దాలమ్మ చీకటితో వచ్చి నిలబడినా, ఆ ఏడూ నిండేసరికి నీళ్లు ఆగిపోతాయి. దాలమ్మ మొగుడు ఆదిబాబు అన్నం క్యారేజీ లేకుండానే షిఫ్టుకెళ్తాడు. సందులో పెద్దమనిషి ముసలయ్య రెండు ముక్కల్లో తేల్చేశాడు: "మడిసుంటేనే వంతు. బిందెకేటి, దాహవేత్తాదా?"

సోమేశ్వరరావుగారు గొంతు సవరించుకున్నారు. "కింది తీర్పు తప్పా ఒప్పా అని చూసే అధికారం మాకు లేదు. ముసలయ్య తన హద్దులో ఉన్నాడా లేదా, అంతే."

దాలమ్మకి ప్రాణం లేచొచ్చింది. "అయితే నాను గెలిసినట్టేనా బాబూ?"

"తొందరపడకు. మా పాత తీర్పుని కాదంటే హద్దు దాటినట్టే."

పాత తీర్పు ఉంది. ఒక ఉగాది నాటకంలో సోమేశ్వరరావుగారు ముందు కుర్చీలో రుమాలు వేసి టీకి వెళ్లొచ్చేసరికి, కంట్రాక్టరు చిన్నారావు అందులో కూర్చున్నాడు. బాధితుడి బాధ బాధితుడికే తెలుస్తుంది కనక, ఆ విచారణకీ ఆయనే అధ్యక్షత వహించి, వస్తువున్నచోట మనిషి ఉన్నట్టేనని తేల్చారు. రుమాలే మనిషైనప్పుడు సిల్వరు బిందె కాకుండా పోతుందా? ముసలయ్య తీర్పు కొట్టేశారు. ఏడు బిందెలూ ఏడుగురు పౌరులయ్యాయి.

"మరి మావోడి కేరేజీ బాబూ?"

"క్యారేజీ వాస్తవాల్లోకి వస్తుంది. వాస్తవాలు మేం చూడం."

వారం తిరక్కుండానే ఒక పొద్దున్న, నోటినిండా పళ్లపొడితో సోమేశ్వరరావుగారు పెరట్లోకి వచ్చారు. ఆయన కుళాయి కింద ఒక బిందె ఉంది. గేటు దగ్గర దాలమ్మ ఉంది.

"నిన్న సందేళ నుంచీ నిల్సున్నాను గదా బాబూ! బిందుంటే మడిసున్నట్టేనన్నారు. నా ఎనకాల మీరు నిల్సోండి."

"ఒక్క బిందేగా, పట్టుకోనివ్వండి" అంది ఆయన భార్య కస్తూరమ్మ, న్యాయశాస్త్రం తెలీక.

పళ్లపొడి ఉమ్మేసేలోపలే ఆయనకి ధర్మసూక్ష్మం తట్టింది. "ఆ తీర్పు నలుగురూ వాడే కుళాయికి. ఇది మా ఇంటిది. వాస్తవాలు వేరు."

"మొన్న వాస్తవాలు సూడవన్నారు గదా బాబూ?"

"చూడాల్సినచోట చూస్తాం."

దాలమ్మ ఖాళీ బిందె చంకనెత్తుకుని వెళ్లిపోయింది. మర్నాడు చీకటితో లేచి, మళ్లీ ఆ ఏడుగురి వెనకాలే నిలబడింది. ఆదిబాబు మళ్లీ ఖాళీ చేతులతోనే షిఫ్టుకెళ్లాడు.

ఈ రెండో తీర్పు బిష్టుపూర్‌లోనూ టెల్కో కాలనీలోనూ అందరికీ తెగ నచ్చింది. ఎంత సూక్ష్మంగా ఆలోచించారో అని మెచ్చుకున్నారు. మనకీ నచ్చింది. నచ్చదా మరి, మన కుళాయిలన్నీ ఇళ్లల్లోనే ఉన్నాయి.