అమ్మ నింపిన డబ్బీ

పొద్దున్నే నిస్సి దగ్గి తెమడ డబ్బీలో ఉమ్మాలి, పాఠాలు చెప్పే బడికి పోతూ దాన్ని దవాఖానలో ఇచ్చిపోవాలి. ఎలిశిబా అనుకున్నది అంతే. వానలు మొదలైనప్పటి నుంచీ కూతురికి దగ్గు. తల్లి మనసులో అది ఎప్పుడో క్షయ అయిపోయింది. "జన్యు పరీక్ష చేస్తం. జబ్బుందో లేదో చెప్తది, ఏ మందు పన్జేస్తదో గూడ చెప్తది" అని డాక్టర్ రచన అన్నాక ఆమెకు నిద్ర కూడా కరువైంది.

ఎంత దగ్గినా నిస్సికి తెమడ రాలేదు. "వస్తలేదమ్మా. నాకు బడి టైమైతుంది" అంటూ చెప్పులు వేసుకుంది.

"తియ్యి, నేనిచ్చొస్త."

ఖాళీ డబ్బీని చూస్తూ ఎలిశిబా ఆలోచించింది. బిడ్డకు జన్యువులు వచ్చేది తల్లి నుంచే కదా, ఎవరిదైతేనేం? దగ్గు తనకూ ఉంది. పోపు ఘాటని పట్టించుకోలేదు. ఒక్క దగ్గుతో పని అయిపోయింది.

మర్నాడు ఫోన్ వచ్చింది. క్షయే.

నిస్సి మంచం కిటికీ పక్కకు పోయింది. పళ్ళెం, గ్లాసు వేరయ్యాయి. పాస్టరమ్మ వినీల చర్చి స్త్రీల కూడికలో నిస్సి పేరు చెప్పి ఉపవాస ప్రార్థన పెట్టించింది. అది చెవిన పడి, ఆదివారం నిస్సి నిశ్చితార్థం మాటకు రావలసిన నర్సాపూర్ పెళ్లికొడుకు వాళ్లు "జర ఆగుదాం" అన్నారు. నిస్సి గోడవైపు తిరిగి అన్నం తింది. ఆ వీపు చూడలేక ఎలిశిబా వంటింట్లోకి పోయి కొంగు నోట్లో కుక్కుకుంది.

మందులు మొదలుపెట్టే ముందు నిస్సికి ఎక్స్‌రే తీశారు. రచన దాన్ని వెలుతురుకు పెట్టి, "రిపోర్టుల గన్ని క్రిములున్నయ్. ఛాతీ జూస్తే అద్దం లెక్కుంది" అంది.

వెనక ఎలిశిబా దగ్గింది. ఆగకుండా దగ్గింది.

రచన మెల్లగా ఎక్స్‌రే దించింది. "అమ్మా, డబ్బీల ఉమ్మింది ఎవరు?"

"జన్యు పరీక్ష అంటిరి గద మేడం. బిడ్డ జన్యువులు నావే గద."

"మేం జూసేది మీ జన్యువులు గాదమ్మా, క్రిమియి. దానికి మీ చుట్టరికంతోని పనిలేదు."

"ఇన్ని దినాలు గోడను జూసుకుంట తిన్న నేను" అంది నిస్సి.

ఈసారి నిస్సికి ఆవిరి పట్టించి, నర్సు ఎదుట నిలబడి ఇద్దరిచేతా డబ్బీలు నింపించింది. సాయంత్రానికి తేలింది. నిస్సి డబ్బీలో క్రిమి లేదు, ఆమెది బడిలో సుద్దపొడి పడక వచ్చిన దగ్గు. క్షయ తల్లిది.

"మామూలు మందులే పన్జేస్తయ్. ఆర్నెల్లు మానకుండ మింగాలె" అంది రచన.

"నా బిడ్డకేం లేదు గద?"

"లేదు. మీకుందమ్మా."

"నా సంగతి తీయుండ్రి. బిడ్డకేం లేదు గద?"

చెడ్డ వార్త విని ఆమె హాయిగా ఊపిరి పీల్చడం అదే మొదలు. దవాఖాన గేటు దాటకముందే పాస్టరమ్మకు ఫోన్ చేసింది. "ప్రార్థన ఆపకుండ్రి అమ్మగారు. పేరొక్కటి మార్చుండ్రి. నర్సాపూరోళ్లకు గూడ మీరే చెప్పుండ్రి."

ఇంటికి రాగానే నిస్సి తన పళ్ళెం, గ్లాసు శుభ్రంగా కడిగి తల్లి ముందు పెట్టింది. కిటికీ పక్కన మంచం ఎలాగూ వేసే ఉంది.