అరువు గొంతు

గొంతులేని జనానికి తానే గొంతునవుతానని డైరెక్టరు గారు పత్రికలవాళ్లను పిలిచి మరీ ప్రకటించారు. వచ్చింది ముగ్గురు, అందులో ఒకాయన తోడల్లుడు. సొంత కెమెరాతో సొంతంగా సినిమాలు తీసుకునే స్వతంత్రుడు కనుక, ఆయనకు ఆ మాత్రం జనమే అలవాటు.

ఆసుపత్రి దుప్పట్లు ఉతికేవాళ్ల వీధి చరిత్ర ఈసారి కథావస్తువు. వీధంతా పెద్దమ్మ అని పిలిచే ముసలావిడను దుప్పట్ల మూట మీద కూర్చోబెట్టి కెమెరా పెట్టారు. ఆవిడ నోరు విప్పగానే మైకు గిలగిల్లాడింది.

"సమ్మె కట్టాం బాబూ! పదకొండు రోజులు ఒక్క దుప్పటి తడిపితే ఒట్టు! ఆపరేషన్లు ఆగిపోయాయి. పెద్ద డాక్టరే మా వీధికొచ్చి చేతులు జోడించాడు. ఈ ఇళ్లు మావేనని కాగితం రాసిచ్చారు. కాగితాన్ని చెదలు తినేశాయి గానీ, నా మాటని తినలేదుగా!"

డైరెక్టరు గారికి చిన్న చిక్కొచ్చిపడింది. "కొంచెం మెల్లగా, బాధగా చెప్పు పెద్దమ్మా."

"బాధేంటి బాబూ? గెలిచాం కదా!"

సినిమా ప్రభుత్వ హాల్లో ఆడాలంటే సాంస్కృతిక శాఖ ఊఁ అనాలి. అక్కడి అధికారి సహృదయుడు. ఒక్క అడ్డంకీ పెట్టలేదు, సలహాలే ఇచ్చాడు.

"సమ్మె అనే మాటెందుకండీ? సామూహిక విశ్రాంతి అందాం. ఇళ్ల సంగతి తీసేయండి, అక్కడ కార్ల పార్కింగ్ రాబోతోంది. మంత్రిగారి సందేశం ఓ పన్నెండు నిమిషాలుంటే నిండుగా ఉంటుంది. ఇక ఆవిడ గొంతు మరీ కరుకండీ. మీది ఎంత బాగుంది!"

స్వతంత్ర కళాకారుడు ఇలాంటివి సహిస్తాడా? డైరెక్టరు గారు భగ్గుమన్నారు, ఇంటికొచ్చాక. మధ్యాహ్నం భోజనం ముట్టలేదు. సాయంత్రానికి ఆకలేసింది. తిన్నాక ఆలోచిస్తే, గొంతు బాగుందన్న మాటలో నిజం కనిపించింది.

ఎడిటింగ్ చేసేది ఆయన భార్యే. తెర వంక చూసి అంది: "ఏమండీ, ఆడుతున్న నోరు ఆవిడది. మాటలేమో మీవి."

"దాన్నే ప్రాతినిధ్యం అంటారు."

"మరి ఇళ్ల సంగతి? ఆవిడ మాట తప్ప వాళ్లకింకో సాక్ష్యం లేదు కదా."

"కళ సాక్ష్యం చెప్పదు, కదిలిస్తుంది" అంటూ ఆయన వయొలిన్ పెంచమన్నారు.

మొదటి ప్రదర్శనకు మంత్రిగారు స్వయంగా వచ్చి, తన సందేశం వచ్చినచోట కళ్లు తుడుచుకున్నారు. అట్టడుగు గొంతు తన గుండెను తాకిందని చెప్పి, డైరెక్టరు గారికి ప్రశంసాపత్రం అందించారు. వీధి కొలవడానికి వచ్చిన సర్వేయర్లు కూడా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.

చిట్టచివరి వరుసలోంచి పెద్దమ్మ నెమ్మదిగా బయటికొచ్చింది. ఎలా ఉందని అడిగారు డైరెక్టరు గారు.

"బాగుంది బాబూ. తెర మీద ఆ ముసలావిడెవరు? అచ్చం నాలాగే ఉంది. పాపం, అంతసేపు నోరాడించినా ఒక్క మాటా బయటికి రాలేదు. పుట్టుమూగా?"

ఆయన అటూ ఇటూ చూశారు. మంత్రిగారి కారు ఇంకా గుమ్మంలోనే ఉంది.

"అవును పెద్దమ్మా" అన్నారు.