పని ఆపే హక్కు

ప్రభుత్వానికి పని చేసిపెట్టిన కాంట్రాక్టరుకు హక్కులు లేవని ఎవరైనా అంటే నమ్మకండి. పుష్కలంగా ఉన్నాయి. వాటిలో మొదటిది ఎదురుచూసే హక్కు. దాన్ని ఏ కోర్టూ లాక్కోలేదు. (లాక్కోవాలని ఇంతవరకూ ఎవరూ ప్రయత్నించనూ లేదు.)

ఆళ్లగడ్డ యోహాను ఈ హక్కును కడుపునిండా అనుభవిస్తున్న చిన్న కాంట్రాక్టరు. నంద్యాలలో ఒక ఇంజనీరింగు కార్యాలయం ఆవరణలో అతను హాలు కట్టాడు. బిల్లులు రాని కాంట్రాక్టర్లు ఎండలో నిలబడుతున్నారని జాలిపడి ప్రభుత్వం కట్టించిన హాలు అది. అందులో మొట్టమొదట కూర్చున్నవాడు యోహానే. ఎందుకంటే దాని బిల్లు రాలేదు.

ఊళ్లో తిరగడం కష్టమైపోయింది. మేస్త్రీ ఓబయ్య కూలి కోసం పొద్దున్నే వచ్చి అరుగు మీద కూర్చుంటున్నాడు. చర్చిలో ప్రార్థనకు కళ్లు మూసుకుంటే, తెరిచేసరికి సిమెంటు అంగడి బెన్నీ పక్కనే ఉంటున్నాడు. చివరికి ఫైనాన్సు వాళ్లు వచ్చి, కాంక్రీటు కలిపే మిషను తీసుకుపోతామని చెప్పి వెళ్లారు. ఆ మిషను పోతే యోహాను ఇక కాంట్రాక్టరు కాడు, ఉత్త అప్పులవాడు.

భయపడి నంద్యాల బస్సెక్కాడు. సూపరింటెండెంటు సుబ్బరాయుడి ముందు నిలబడ్డాడు.

"సార్, నా బిల్లు యాడుండాది?"

"యాడికీ పోలేదప్పా. భద్రంగా ఈడనే ఉండాది," అన్నాడు సుబ్బరాయుడు ఆప్యాయంగా.

"నాకేం హక్కు లేదా సార్?"

సుబ్బరాయుడు నొచ్చుకున్నాడు. "ఎందుకు లేదు? దుడ్లు ఆలస్యమైతే పని ఆపేసే హక్కు నీకుండాది. అగ్రిమెంటులోనే రాసినాం."

"పని ఎప్పుడో అయిపోయింది గదా సార్!"

"అదే నువ్వు చేసిన తప్పు. అంత బేగా ఎవరు చేయమన్నారు?"

ఇంటికొచ్చి ఈ మాట భార్య ఎలిజబెత్‌కు చెప్పాడు. మర్నాడు పొద్దున్నే ఆమె పెద్ద గిన్నె నిండా చిత్రాన్నం కలిపి, అప్పులవాళ్లందరినీ పిలిచింది.

"మా ఆయన్ని పట్టుకుంటే ఏమొస్తాది? ఇచ్చేవాళ్లు ఆడుండారు. పోదాం పాండి."

ఓబయ్య, అతని కూలీలు, బెన్నీ, ఫైనాన్సు కుర్రాళ్లిద్దరూ వచ్చి హాల్లో కూర్చున్నారు. అప్పటికే అక్కడున్న తక్కిన కాంట్రాక్టర్లు ఈ పద్ధతి బాగుందనుకుని, తమ అప్పులవాళ్లకూ ఫోన్లు చేశారు. మధ్యాహ్నానికి హాలు నిండింది. మెట్లు నిండాయి. టీ బండి వచ్చింది, దాని వెనకే బజ్జీల బండి వచ్చింది. ఎవరి అప్పు పెద్దదో పోటీ మొదలై, గెలిచినవాడికి చప్పట్లు కొట్టారు.

ప్రజలు ఇంత ఇబ్బంది పడుతుంటే ప్రభుత్వం చూస్తూ ఊరుకోదు. సాయంత్రానికల్లా కార్యాలయం నిర్ణయం తీసుకుంది. హాలు చాలడం లేదు కాబట్టి దాన్ని పెంచాలి. (పాత పనులకు నిధులు ఉండవు. కొత్త పనులకు ఎప్పుడూ ఉంటాయి.) అనుభవజ్ఞుడని ఆ పని యోహానుకే ఇచ్చారు.

యోహాను రెండు చేతులూ జోడించి వద్దనబోయాడు. ఎలిజబెత్ మోచేత్తో పొడిచింది.

"ఒప్పుకోయ్యా. మొదలుపెట్టు. ఈసారి మాత్రం అయిపోగొట్టొద్దు."

పని దొరికింది కదా అని ఫైనాన్సు వాళ్లు అది అయ్యేదాకా ఆగారు. యోహాను మిషను తెచ్చి దించాడు. పునాది తవ్వడం మొదలైంది. తవ్వకం సుబ్బరాయుడి గది గుమ్మం దాకా వచ్చాక, ఓబయ్య గడ్డపార కింద పెట్టి మీసం తుడుచుకున్నాడు.

"పని ఆపేసినా సార్," అన్నాడు యోహాను. "నా హక్కు."

చాలా రోజుల తర్వాత అతనికి నవ్వొచ్చింది. ఆ నవ్వు చూసి బెన్నీ కూడా తన బాకీ మర్చిపోయి నవ్వాడు. సుబ్బరాయుడు పంచెకట్టు మనిషి కాకపోయినా, ప్యాంటు పైకి మడుచుకుని గోతి మీద వేసిన చెక్క మీదుగా గదిలోకి పోవలసి వచ్చింది. ఫైళ్లు విసిరితే లోపల పట్టుకుంటున్నారు. కొన్ని గోతిలో పడ్డాయి. (వాటికి ఆ రోజు జరిగిన కదలిక అంతకుముందెప్పుడూ జరగలేదు.)

వారం తిరక్కుండానే సుబ్బరాయుడు పూలదండతో, ఫొటోగ్రాఫరుతో వచ్చాడు. యోహాను మెడలో దండ వేశాడు.

"ఇంకుడు గుంత శానా బాగా కట్టినావప్పా. పని పూర్తయినట్టు రాసేసినాం."

"ఇంకుడు గుంత ఏంది సార్? అది పునాది గొయ్యి!"

"వాన పడితే నీళ్లు ఇంకుతాయా, లేదా?"

"ఇంకుతాయి సార్."

"మరింకేం? బిల్లు పెట్టుకో. పాతదాని వెనకాల పెడతాం."

అందరూ గొయ్యి ముందు నిలబడి ఫొటో దిగారు. యోహాను దండతోనే హాల్లోకి వెళ్లి తన పాత చోట కూర్చున్నాడు.

పని పూర్తయిందని తెలిసి ఫైనాన్సు వాళ్లు లారీ తెచ్చారు. మిషను ఎక్కించడానికి ఒక మనిషి తక్కువైతే ఓబయ్యను పిలిచారు. ఆ కూలి మాత్రం అతనికి అక్కడికక్కడే చేతిలో పెట్టారు.