మేయర్ గారి నాన్న కాలర్ మీద చెయ్యి

ఆదివారం మా చర్చి హాల్లో మేయర్ క్లియోటిస్ బ్యాంక్‌స్టన్ గారు తెర లాగగానే, వాళ్ల నాన్నగారి ఫోటోలో మనిషి లేని చెయ్యి ఒకటి బయటపడింది.

అలబామాలో నల్లవాళ్ల ఓటు హక్కు కోసం అరవైల్లో మా ఊరు చేసిన ఊరేగింపు ఫోటో అది. ఫోటోని గోడంత చేయించారు. అందులో ఉన్నది నాన్నగారొక్కరే. గడ్డం పైకెత్తి, పెద్ద అంగ వేస్తూ. కాలర్ వెనక మాత్రం తెల్ల గ్లవ్ తొడిగిన చెయ్యి. మణికట్టు దగ్గరే ఫోటో అయిపోయింది.

నాలాంటి పామరులు జడుసుకున్నారు. మేయర్ గారు జడవలేదు. నాయకుడంటే అదీ.

"దేవుడి చెయ్యి!" అని ప్రకటించారు. "మా నాన్నను ముందుకు నడిపించింది."

"ఆమెన్!" అంది హాలు. ఊళ్లో పెట్టబోయే నాన్నగారి విగ్రహానికి మూడో చెయ్యి పెట్టాలని కౌన్సిల్ అక్కడికక్కడే తీర్మానించింది.

"దేవుడు గ్లవ్స్ వేసుకుంటాడా?" అంటూ లేచింది డాక్టర్ వెర్లిన్ టిస్‌డేల్. ఉద్యమాల్లో నల్లజాతి ఆడవాళ్ల చరిత్ర మీద పుస్తకం రాస్తోంది.

"చలికాలం కదమ్మా!"

"అవి మన అషర్ల గ్లవ్స్. చర్చిలో జనాన్ని కూర్చోబెట్టే ఆ ఆడవాళ్లే ఇంటింటికీ తిరిగి ఊరేగింపుకి జనాన్ని తెచ్చారు. విగ్రహం కింద పెట్టే శిలాఫలకం మీద వాళ్లలో ఒక్కరి పేరూ లేదేం?"

"స్థలాభావం."

"మీ నాన్నగారి పేరు రెండుసార్లుందే?"

"ఒకటి ముద్దుపేరు."

తలుపు దగ్గర తెల్ల యూనిఫాంలో నిలబడ్డ మా చర్చి పెద్దావిడ మదర్ ఓజెల్లా గొంతు సవరించుకుంది. ఎనభై దాటినా అషర్ డ్యూటీ మానలేదు. "ఆ చెయ్యి నాదేరా క్లియో. కళ్లు కనపడుతుండగానే ఆ రాతి మీద నా పేరు చూసుకోనీ."

మేయర్ గారికి భక్తి పొంగింది. "ప్రార్థన చేద్దాం. అందరూ కళ్లు మూసుకోండి!"

మూసుకున్నాం. ఆయన మాత్రం అత్యవసర ప్రజాకార్యం మీద తలుపు వైపు బయల్దేరారు. మా చర్చిలో ప్రార్థన జరుగుతుండగా ఎవరూ బయటికి పోకూడదు. పోకుండా చూసేది అషర్లే.

"కెవ్వు" వినిపించి కళ్లు తెరిచాం. మేయర్ గారు గడ్డం పైకెత్తి, పెద్ద అంగ వేస్తూ ఆగిపోయారు. కాలర్ వెనక తెల్ల గ్లవ్.

అందరం గోడ వైపు చూశాం. మళ్లీ మేయర్ గారి వైపు చూశాం.

"మదర్, ఆ రోజు మీరు ఆయన్ని ముందుకు తోస్తున్నారా?" అడిగింది డాక్టర్.

"పోయినాయన సంగతెందుకులేమ్మా," అని మదర్ పట్టు బిగించింది.

"వదులు మదర్, చెబుతా! ఫోటో కోసింది నేనే. జనమంతా ఓటు నమోదుకి కోర్టు వైపు పోతుంటే నాన్న ఇంటివైపు... ఈవిడొక్కత్తినే తీసేద్దామనుకున్నా. ఈవిడ వెనక ఆడవాళ్లున్నారు, వాళ్ల వెనక జనమున్నారు. నేనేం చెయ్యను? ఈవిణ్ణి తీసేసరికి ఊరేగింపే లేకుండా పోయింది!"