ఎడమ చక్రాల మీద ఎర్ర చుక్కలు

ఆ రోజు ఉదయం తూనికలాయన వేసుకున్న పథకంలో మూడే పనులున్నాయి. తొమ్మిదింటికి కారు చక్రాలు విప్పి చూసుకోవడం, పదింటికి కొనేవాడికి బండి చూపించడం, పన్నెండింటికల్లా షెడ్డు ఖాళీ చేసి తలుపు వేసేయడం. నాలుగో పని లేదు. నాలుగో పని గుర్తుచేసే అలవాటు ఆయన భార్యది. ఆమె పోయి పదమూడు నెలలైంది.

తూనికలు, కొలతల శాఖలో ముప్పయ్యేళ్ళు ఇన్‌స్పెక్టరుగా చేశాడు కాబట్టి వీధి వీధంతా ఆయన్ని తూనికలాయన అనే అంటుంది. ఆ ముప్పయ్యేళ్ళలో ఒక్క కొట్టువాణ్ణి కూడా పోనీలే అని వదిలిన పాపాన పోలేదు. ఇంట్లోనూ అదే తక్కెడ. తప్పు ఎప్పుడూ అవతలి పళ్ళెంలోనే ఉండేది.

కారు ఆమెది. తోలేదీ ఆమే. ఆయనకు డ్రైవింగ్ రాదు. రాదని ఒప్పుకోకుండా, "నేను పక్కన కూర్చోబట్టే నువ్వు జాగ్రత్తగా తోలుతున్నావ్" అనేవాడు. పదమూడు నెలల కిందట గుండెల్లో నొప్పిగా ఉందంటూ ఆసుపత్రికి కూడా ఆమే తోలుకుంటూ వెళ్ళింది. గీతల మధ్య సరిగ్గా నిలిపి, బ్రేకు వేసి, తాళాలు ఆయన చేతిలో పెట్టి లోపలికి నడిచింది. మళ్ళీ బయటికి నడవలేదు. బండిని బావమరిది తెచ్చి షెడ్డులో పెట్టాడు. అప్పట్నుంచి షెడ్డులో అది, ఇంట్లో ఈయన, ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా కాపురం చేస్తున్నారు.

ఇక చాలనుకున్నాడు. కూతురికి చెప్పలేదు. చెబితే ఏడుస్తుంది.

ఫోనులో కొనేవాడు ఒక్కటే అడిగాడు. "చక్రాలు విప్పి, లోపలి స్టడ్లు చూసుకున్నాకే మాట్లాడతానండీ." స్టడ్లంటే చక్రాన్ని పట్టి ఉంచే బోల్టులు. ఒక్కో చక్రానికి ఐదు, వాటి మీద ఐదు నట్లు. తనిఖీ లాంటి మాట వినపడగానే తూనికలాయన నడుం నిటారుగా అయింది. తన సరుకును ఇంకొకడు తనిఖీ చేసేలోపు తానే చేసి పెట్టాలి.

అందుకే ముందురోజు సాయంత్రమే కారంతా కడిగాడు. ఎడమ పక్క చక్రాలు రెండింటి నట్ల మీదా ఎర్రటి గోళ్ళరంగు చుక్కలు కనిపించాయి. కుడి పక్క లేవు. ఆయన కాసేపు ఆలోచించి, ఆమె తలుపు దగ్గర నిలబడి గోళ్ళకు రంగు వేసుకుంటూ ఎడమ పక్కకు ఒలకబోసుకుందని తేల్చాడు. నట్టుకొక్క చుక్క చొప్పున సరిగ్గా పది చుక్కలు ఎలా ఒలుకుతాయన్న ప్రశ్న ఆయన తనిఖీలోకి రాలేదు. "ఏ పనీ శుభ్రంగా చెయ్యవు కదా!" అని పైకే విసుక్కుంటూ, కిరసనాయిలు గుడ్డతో, పాత బ్లేడుతో రెండు గంటలు కూర్చుని ఒక్కటీ మిగలకుండా గీకేశాడు. పదమూడు నెలల్లో ఆయన ఆమెతో మాట్లాడింది అప్పుడే.

తెల్లారి తొమ్మిదింటికి ఎడమ ముందు చక్రం దగ్గర గోతం పరిచి కూర్చున్నాడు. పానా తగిలించి, లోకంలో ఏ నట్టయినా విప్పడానికి తిప్పే వైపే తిప్పాడు. కదల్లేదు. రెండు చేతులూ వేశాడు. కదల్లేదు. పానా మీద కాలేసి ఒక్క తొక్కు తొక్కాడు. టప్పుమంది. నట్టు రాలి కింద పడింది. దాని కడుపులో విరిగిన స్టడ్డు ముక్క ఉంది.

ఆ చప్పుడు మూలమీది పైపుల కొట్టు దాకా వినిపించింది. ఆ కొట్టు బావమరిదిది.

"బావగారూ, పానా అలాగా పట్టుకునేది? అది గరిటె కాదు," అంటూ వచ్చేశాడు.

"నిన్ను సలహా అడిగానా?"

"అడిగితేనే ఇవ్వడానికి నేనేమన్నా పరాయివాణ్ణా? జరగండి. తుప్పు పట్టేసిందిది. పదమూడు నెలలు కదలకుండా పడుంటే మనిషైనా తుప్పు పడతాడు."

ఆ చివరి మాట ఎవరినన్నాడో తూనికలాయన అడగలేదు. బావమరిది వెళ్ళి కొట్లోంచి మూడడుగుల ఇనప పైపు తెచ్చి పానాకు తొడిగాడు. "ఇప్పుడు చూడండి మజా." టప్. రెండోది పోయింది. "ఇది ముందే పగిలుంటుంది బావగారూ," అన్నాడు. మూడోదానికి ఐదడుగుల పైపు తెచ్చాడు. టప్. "ఇది కంపెనీ తప్పు."

"మీ వంశంలో ఎవరైనా ఒక్క వస్తువు విరక్కుండా విప్పారట్రా?" అని తూనికలాయన పైపు లాక్కున్నాడు. నాలుగో నట్టుకు తగిలించి, పైపు కొసన కడుపానించి వేలాడాడు. టప్పుమన్న చప్పుడూ, దబ్బుమన్న చప్పుడూ ఒకేసారి వచ్చాయి. ఆయన గోతం మీద వెల్లకిలా పడ్డాడు.

పడ్డవాడు లేచి ఉంటే కథ అక్కడితో అయిపోయేది. కానీ బావమరిది ముందు పడటమా? "పడలేదు. లోపలివైపు తనిఖీ చేస్తున్నా," అని అలాగే జరిగి తల కారు కిందికి పెట్టాడు. పెట్టాక లేవబుద్ధి కాలేదు. అడుగున చల్లగా ఉంది. ఇంజను వాసన వచ్చింది. ఆమె చీర కొంగుకు ఉండే వాసన అది. ఇన్నాళ్ళూ దాన్నే ఆయన దరిద్రపు వాసన అనేవాడు.

సరిగ్గా అప్పుడే ఎదురింటావిడ వంటింటి కిటికీ తెరిచింది. చూసింది చూసినట్టు తూనికలాయన కూతురికి ఫోను చేసింది. "అమ్మాయ్, కంగారు పడకు. మీ నాన్న కారు కిందున్నాడు. కాళ్ళే కనిపిస్తున్నాయి, కదలట్లేదు. మీ మావయ్య పక్కనే ఇనప రాడ్డు పట్టుకుని నుంచున్నాడు."

కూతురు బళ్ళో లెక్కల టీచరు. లెక్క మధ్యలో వదిలేసి, చేతికి సుద్దపొడి అలాగే ఉండగా ఆటో ఎక్కింది.

ఆమె వచ్చేసరికి పది దాటింది. కొనేవాడు చెప్పిన టైముకే వచ్చి, తెల్లచొక్కా నలక్కుండా తూనికలాయన కాళ్ళ పక్కన గొంతుక్కూర్చుని, చేతిలో చిన్న టార్చితో చక్రంలోకి చూస్తున్నాడు. బావమరిది ఇంకా పైపు పట్టుకునే ఉన్నాడు.

"డాక్టరుగారూ," అందామె, "ఎలా ఉంది?"

కొనేవాణ్ణి ఇంతవరకూ ఎవరూ డాక్టరనలేదు. అయినా మర్యాదగానే చెప్పాడు. "ఎడమ పక్కంతా పోయిందమ్మా. వయసైపోయింది కదా, దానికి తోడు మోటుగా బలం పెట్టేశారు. ఇక్కణ్ణుంచి కదిలించడం కష్టం."

ఆమె మెట్టు మీద కూలబడింది. "నాన్నా!"

కారు కింద నుంచి జవాబొచ్చింది. "బడి ఎగ్గొట్టి ఎందుకొచ్చావే?"

ఆ తర్వాత ఐదు నిమిషాలు ఎవరు ఎవర్ని తిడుతున్నారో వీధికి సరిగా తెలియలేదు. చివరికి కూతురు గొంతొక్కటే మిగిలింది. "అమ్మ కారు అమ్మేస్తున్నావా? నాకొక్క మాట చెప్పకుండా?"

"చెబితే ఏడుస్తావని."

"ఏడవనీ! ఏడవడానికి కూడా నీ ముద్ర పడాలా నాన్నా? అమ్మ బట్టలూ ఇలాగే వారం తిరక్కుండా మూటకట్టి పంపేశావ్. ఒక్క చీరైనా ఉంచమని అడుగుదామని వచ్చేసరికి బీరువాలో హ్యాంగర్లున్నాయి."

తూనికలాయన కారు కింద నుంచి బయటికి జరిగి, చేతికంటిన మట్టి దులుపుకున్నాడు. దులిపే కొద్దీ రాలడానికి అక్కడంత మట్టి లేదు.

కళ్ళు తుడుచుకుని, మేస్త్రీకి ఫోను చేసింది కూతురే. ఈ కారుకు మొదట్నుంచీ ఆయనే మెకానిక్కు. నోరు తెరవకుండా గొణగడం ఆయన ప్రత్యేకత. పావుగంటలో వచ్చాడు. విరిగిన నాలుగింటినీ చూశాడు, పైపును చూశాడు, బావమరిదిని ఇంకాస్త ఎక్కువసేపు చూశాడు. తర్వాత నట్ల మీద బొటనవేలితో రాశాడు.

"ఎర్ర చుక్కలేవి?"

వెనక చక్రం నట్ల మీద కూడా రాసి చూశాడు.

"ఎవరు గీకేశారంట?"

"నేనే," అన్నాడు తూనికలాయన. "ఒలికిందనుకున్నా."

మేస్త్రీ మిగిలిన ఐదో నట్టుకు పానా తగిలించాడు. పైపు తొడగలేదు. లోకమంతా బిగించే వైపుకు ఒక్కసారి గట్టిగా లాగాడు. కీచుమంది. ఆ తర్వాత రెండు వేళ్ళతో తిప్పితే వెన్నలోంచి వెంట్రుక తీసినట్టు వచ్చేసింది.

"పాతకాలం బండి. ఎడమ చక్రాలకి ఎదురు మర, కుడివాటికి మామూలు మర. ఇటు తిప్పేది అటు తిప్పాలి. మొదటిసారి నేనూ తెలీక ఒకటి విరగ్గొట్టా. అమ్మగారు చెడామడా తిట్టి, మర్నాడే గోళ్ళరంగు తెచ్చి, మర్చిపోకుండా నట్ల మీద గుర్తులు పెట్టారు." గొణుగుడు ఆపి ఆయన తల ఎత్తాడు. "మీరు విప్పుతున్నామనుకుంటూ బిగించారయ్యగారూ. బిగించి బిగించి తెంపుకున్నారు."

ఆ మాట కారు గురించే అన్నాడని నమ్మడానికి తూనికలాయన చాలా కష్టపడ్డాడు.

"మరి కొత్తవి?" అంది కూతురు.

"ఎదురు మరవి ఇప్పుడెక్కడ దొరుకుతాయి? అమ్మగారు పోయేముందు సంవత్సరం ఊళ్ళన్నీ గాలించి ఐదు తెప్పించుకున్నారు. డిక్కీలో, జాకీ కింద ఉండాలి చూడండి."

తూనికలాయనే వెళ్ళి డిక్కీ తెరిచాడు. జాకీ కింద గుడ్డ మూట ఉంది. విప్పితే గ్రీజు రాసిన ఐదు స్టడ్లు, అరచేతికి తెలిసేంత బరువు. ఆయన చూస్తున్నది వాటిని కాదు, గుడ్డను. అది ఆయన నీలం గీతల చొక్కా. కాలరు చిరిగి పీలికలైనా పారెయ్యనివ్వని చొక్కా. అది కనపడక ఇల్లంతా వెతికి, "నా వస్తువంటే నీకు లెక్కలేదు" అని ఆమె మీద అరిచి, ఆ తర్వాత పదకొండు రోజులు ఆమెతో మాట్లాడలేదు. పన్నెండో రోజున ఆమే వచ్చి, "నాదే తప్పు, పోనీండి" అంది.

ఆ పదకొండు రోజుల్ని ఇప్పుడు ఎవరు తెచ్చిపెడతారు? ఆయన చొక్కాను నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకున్నాడు. గ్రీజు తెల్ల లాల్చీకి అంటుకుంది. చూసి కూడా ఏమీ అనలేదు. బావమరిది భయపడ్డాడు.

మేస్త్రీ జాకీ ఎత్తి చక్రం తీశాడు. దాని వెనకున్న బ్రేకు డ్రమ్ము ఊడదీసి, విరిగిన మొండేలను సుత్తితో ఒక్కొక్కటే వెనక్కి కొట్టి తీశాడు. విరగని ఐదోదాన్నీ వదల్లేదు. "ఇది కూడా సాగే ఉంటుంది. తోడు పోయాక ఒంటిదాని మీద నమ్మకం లేదు," అన్నాడు. కొత్తవాటిని వెనక నుంచి గుచ్చి, నట్టు బిగిస్తూ ఒక్కోదాన్నీ లోపలికి లాగి కూర్చోబెట్టాడు. తూనికలాయన పక్కనే కూర్చుని, అడిగినప్పుడల్లా అడిగిన వస్తువే అందించాడు. ఆయన జీవితంలో అలా పనిచేసింది లేదు.

చక్రం ఎక్కాక కొనేవాడు గొంతు సవరించుకున్నాడు. "బాగైంది కాబట్టి, నేను తీసుకుంటానండీ. మొదట అనుకున్నదానికే."

తూనికలాయన కూతురి వైపు తిరిగాడు. "నీకు కావాలా?"

పదమూడు నెలల్లో ఆయన ఆమె ఇష్టం అడగడం అదే మొదలు.

"నువ్వు అడుగుతావేమోనని చూస్తున్నా నాన్నా," అంది ఆమె. "పదమూడు నెలల్నుంచి."

కొనేవాడు టార్చి జేబులో పెట్టుకుని లేచాడు. "ముందే ఇంట్లో మాట్లాడుకోవచ్చు కదండీ?"

"మా ఇంట్లో ఆ అలవాటు లేదు," అన్నాడు బావమరిది. ఆ పూట అతను చెప్పిన ఒకే ఒక్క సరైన మాట అది.

"ఎర్ర చుక్కలు మళ్ళీ పెట్టకపోతే నేను ఈ బండి ముట్టుకోను," అని మేస్త్రీ గొణిగాడు. తూనికలాయన ఇంట్లోకి వెళ్ళాడు. అన్నీ ఇచ్చేసిన ఆ ఇంట్లో ఆయన తెరవకుండా వదిలేసింది ఒక్కటే ఉంది, స్నానాల గదిలో అద్దం వెనకున్న అర. తెరిచాడు. దువ్వెనలో వెంట్రుకలున్నాయి. దాని పక్కనే గోళ్ళరంగు సీసా. రంగు గట్టిపడింది. వేడినీళ్ళలో పెట్టి, అది కరిగేదాకా స్టూలు మీద కూర్చున్నాడు. ఎంతసేపు కూర్చున్నాడో ఆయనకు తెలియదు.

ఆలోగా మేస్త్రీ, కూతురు కలిసి వీధి చివరిదాకా ఒక చుట్టు తిప్పి చూసుకుని, కారును ఈసారి వెనక్కి నడిపి, ముక్కు వీధి వైపు వచ్చేలా షెడ్డులోకి పెట్టారు.

తూనికలాయన బయటికొచ్చి, పొద్దుట కూర్చున్న గోతం మీదే కూర్చున్నాడు. ముందు చక్రానికి ఐదు, వెనక చక్రానికి ఐదు, గుండ్రంగా, ఒక్కటీ పక్కకు పోకుండా చుక్కలు పెట్టాడు. అరగంట పట్టింది. అందరూ నిలబడి చూశారు. కూతురు ముక్కు ఎగపీల్చింది. ఆయన సీసా మూత బిగించి, తృప్తిగా తల పంకించాడు.

"అయ్యగారూ," అన్నాడు మేస్త్రీ, ఈసారి గొణక్కుండా, "బండి తిరిగింది కదా. అవి కుడి చక్రాలు."

ఆయన చుక్కల్ని చూశాడు, కారును చూశాడు, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని లేచి నిలబడ్డాడు.

"తప్పు నాదే," అన్నాడు, పైకే, స్పష్టంగా.

ముప్పై ఎనిమిదేళ్ళ కాపురంలో ఒక్కసారి కూడా అనని మాట. వినాల్సిన మనిషి తప్ప వీధి వీధంతా విన్నది.